మౌనం పూట

"ఉప్మాలో జీడిపప్పు కనపడాలి. అనకాపల్లి నుంచి మా మార్గం పెద్దాయనొస్తన్నారు," అన్నాడు రమణమూర్తి, చొక్కా గుండీలు పెట్టుకుంటూ. "ఇయ్యాల నన్ను చోడవరం శాఖకి పెద్దని చేస్తారు. ఇంక రోజూ సాయంత్రం మనింట్లోనే ధ్యానం."

రోజూ! రవ్వ వేయిస్తున్న రాజ్యం చేతిలో గరిటె ఆగింది. ఆదివారాలకే నడుం విరిగిపోతోంది.

పంచదార ఫ్యాక్టరీలో గుమాస్తా అయిన ఆమె మొగుడు తొలిమౌన మార్గంలో చేరి మూడేళ్ళయింది. అక్షరం పుట్టక ముందు, మాట పుట్టక ముందు అంతా ఒక్కటేనట. నువ్వు లేవు, నేను లేను, ఆడా మగా లేరు. పేరు పెట్టిన రోజే చీలిక మొదలైందట. అందుకే ఆదివారం పొద్దున్న ఊరంతా టీవీల ముందు కూర్చుంటే, వీళ్ళు ముందుగదిలో చాపలు పరుచుకుని నోళ్ళు కట్టేసుకుంటారు. నోరు మూసుకుంటే మాత్రం ఆకలి ఆగుతుందా? రమణమూర్తి రెండు వేళ్ళెత్తితే కాఫీలు. చిటికేస్తే మంచినీళ్ళు. అరచెయ్యి బోర్లిస్తే ప్లేట్లు తీసెయ్యాలి. మొగుడు మాట మానేసిన పూట ఆమెకు చాకిరీ రెట్టింపు.

చిత్రమేమిటంటే, తలుపు చాటున విని విని, ఆ సిద్ధాంతాన్ని అందరికన్నా గట్టిగా నమ్మింది రాజ్యమే. ఒకనాడు పప్పు రుబ్బుతుంటే కాసేపు తను రాజ్యం కాకుండా పోయింది. కోడలు కాదు, పెళ్ళాం కాదు. రోలూ చెయ్యీ పిండీ అంతా ఒకటే. ఎంత హాయి! ఆత్రం పట్టలేక మొగుడితో చెప్పింది. "రుబ్బురోలు కాడే మోక్షమొచ్చేస్తే మేం చాపలెందుకే?" అని నవ్వాడు. నవ్వి ఊరుకున్నాడా, ఆ మాట పదిమందిలో చెప్పి వాళ్ళనీ నవ్వించాడు. ఆ నవ్వు ఇంకా ఒంటి మీద కారంలా మండుతూనే ఉంది.

పెద్దాయన వచ్చారు. గంట కొట్టారు. మౌనం మొదలైంది.

"ఒసే, తలుపు జేరెయ్యి. గిన్నెల చప్పుడు వాళ్ళకి అడ్డం," అంది అత్త మంగాయమ్మ వంటింట్లో గుసగుసగా.

రాజ్యం ఉప్మా దించింది. కాఫీ డికాషన్ పక్కన పెట్టింది. చేతులు కడుక్కుని, కొంగుతో తుడుచుకుని, తిన్నగా ముందుగదిలోకి వెళ్ళి మొగుడి పక్కన చాప మీద కూర్చుంది. మగాళ్ళందరి కళ్ళూ ఒక్కసారి తెరుచుకున్నాయి. లెమ్మనడానికి ఎవరికీ నోరు లేదు కదా! రాజ్యానికి లోపల నవ్వొచ్చింది.

రమణమూర్తి రెండు వేళ్ళెత్తాడు. ఆమె కళ్ళు మూసుకుంది. చిటిక వినిపించింది. మళ్ళీ చిటిక. సైగ మాత్రం మాట కాదా? మాట పుట్టని చోటు కావాలనే కదా వీళ్ళంతా కూర్చున్నారు? ఈ ఇంట్లో పద్నాలుగేళ్ళుగా తనని పేరుతో పిలిచినవాళ్ళు లేరు. అది వీళ్ళు చెప్పే ఏకత్వం కాదు, పేరుతో పిలవాల్సిన అక్కరే లేకపోవడం. చిటికేస్తే లేచేది మనిషా, గేదా? భయమేస్తోంది. అయినా లేవదలుచుకోలేదు.

"లెగవే!" అరిచాడు రమణమూర్తి.

మౌనం బద్దలైంది. మొగుడు నాలిక్కరుచుకున్నాడు. పెద్దాయన గొంతు సవరించుకున్నారు. "అమ్మా, అందరూ ఆకలి మీదున్నారు. ఇల్లాలికి సేవే ధ్యానం."

"మాట పుట్టక ముందు ఇల్లాలెక్కడిదండీ?" అంది రాజ్యం, కళ్ళు తెరిచి. "మీరే సెప్పేరు, అప్పుడు అందరూ ఒకటేనని. నేను నమ్మేను. అయితే ఎవరు లెగిసి వడ్డించినా ఒకటే కదా? ఉప్మా పొయ్యి పక్కనే ఉంది. ఈ ఇంట్లో రోజూ కూర్చుంటామంటే, రోజూ నేనూ ఈ చాప మీదే కూర్చుంటాను. కాదంటే వేరే ఇల్లు సూసుకోండి."

రాజ్యం వీపు నిటారుగా పెట్టుకుని మళ్ళీ కళ్ళు మూసుకుంది.

చాలాసేపటికి చాప మీంచి ఎవరో లేచిన అలికిడి. అడుగులు వంటింట్లోకి వెళ్ళాయి, అలవాటు లేని చేతిలోంచి గరిటె కింద పడింది. అది ఎవరి చేతిలోదో చూడాలని కూడా ఆమెకు అనిపించలేదు.