మూడు పేజీల ఉపన్యాసం

యాభై రెండేళ్లు వచ్చేసరికి అన్సెల్మ్ కెర్వెలా ఫ్రెంచి సినిమాల్లో పదకొండుసార్లు పోలీసు వేషమూ, ఆరుసార్లు ఫోర్‌మన్ వేషమూ వేశాడు. అతని వెడల్పాటి దవడ చూసి అందరూ అవే ఇచ్చేవారు. నిజానికి, సమ్మె శిబిరం కనిపిస్తే ఆగి కబుర్లాడకుండా ముందుకు కదలని మనిషి. అల్జీరియా యుద్ధం ఆపమనే పత్రం మీద సంతకం పెట్టినందుకు నాలుగేళ్లు అతనికి వేషాలు రాలేదు, అతను రాసే స్క్రిప్టులు కూడా ఎవరూ ముట్టుకోలేదు. విదేశీ సినిమాలకు గొంతు అరువిచ్చి గట్టెక్కాడు.

పంతొమ్మిది వందల డెబ్బై ఏడులో, ఫ్రాన్సు పడమటి కొసనున్న బ్రిటనీ తీరంలో ఒక సినిమా మొదలైంది. సార్డీన్ చేపలను డబ్బాల్లో నింపే ఆడవాళ్లు చేసిన సమ్మె కథ. రాసింది అన్సెల్మ్, తీస్తున్నది మయితే అనే ముప్ఫై ఏళ్ల అమ్మాయి. మూతపడిన ఫ్యాక్టరీలోనే షూటింగు. ఆనాడు సమ్మె చేసినవాళ్లే నటులు. ఫోర్‌మన్ వేషం, షరా మామూలే, అన్సెల్మ్‌ది.

ఆ సమ్మెను ముందుండి నడిపిన సొలాంజ్‌కు ఇప్పుడు అరవై దాటాయి. ఆమె కోసం అన్సెల్మ్ రెండు చలికాలాలు కూర్చుని మూడు పేజీల ఉపన్యాసం రాశాడు. తన జీవితంలో అంత బాగా ఏదీ రాయలేదని అతని నమ్మకం.

సొలాంజ్ కళ్లద్దాలు పెట్టుకుని చదివింది. "ఇదంతా చెప్పేలోగా చేపలు కుళ్లిపోతాయి, పారిస్ బాబూ."

"ఒక్కసారి చెప్పి చూడక్కా."

"నీ మొహం చూసి చెబుతాలే. మా ఫోర్‌మన్ ఇంత జాలిగా ఉండేవాడు కాదు."

కెమెరా తిరిగింది. అన్సెల్మ్ ఆమె ఎదురుగా నిలబడి, "పనిలోకి వెళ్లు" అన్నాడు మెల్లగా.

సొలాంజ్ మొదటి వాక్యం ఎత్తుకుని, సగంలో ఆపేసింది. అతన్ని కిందినుంచి పైదాకా చూసింది. నడుముకున్న ఏప్రన్ విప్పి అతని నడుముకు కట్టింది. చేపల కత్తి అతని చేతిలో పెట్టింది.

"పొద్దున ఆరింటినుంచీ నిలబడే ఉన్నాను. ఇక నువ్వు నిలబడు."

అని వెళ్లిపోయింది. వెనకాల ఉన్నవాళ్లు ఒక్కొక్కరే వచ్చి తమ కత్తులు అతని ముందు పెట్టి కదిలారు. ఇదేదీ స్క్రిప్టులో లేదు. అన్సెల్మ్ ఆపమంటే షూటింగు ఆగిపోయేదే. కానీ అతను ఒక చేపను అందుకుని తల కోయబోయాడు. చేప చితికిపోయింది. తలుపు దగ్గర ఎవరో ఫక్కున నవ్వారు. మయితే చాలాసేపటిదాకా "కట్" అనలేదు.

తర్వాత ఆ అమ్మాయి భయపడుతూ దగ్గరికొచ్చింది. "కోపమొచ్చిందా అన్సెల్మ్? మీ ఉపన్యాసం..."

"కోపమా! పెన్ను ఇలా ఇవ్వు." మూడు పేజీలనూ అడ్డంగా కొట్టేశాడు. "అక్కా, ఏమన్నావో మళ్లీ చెప్పు. రాసుకుంటాను."

"నాకు గుర్తుంటే గదా!"

మధ్యాహ్నం ఆపిల్ పళ్లతో చేసే సైడర్ తాగుతూ అందరూ తలో రకంగా గుర్తు చేశారు. ఒకామె ఆరింటినుంచీ అంది, ఇంకొకామె ఐదున్నరనుంచీ అంది. ఆ గొడవ మధ్య ఆ రెండు వాక్యాలనూ రాసుకుంటుంటే అతనికి ఎందుకో చాలా తేలిగ్గా అనిపించింది.

శరదృతువులో ఆ ఊళ్లోనే తొలి ప్రదర్శన. రచన దగ్గర తన పేరు పక్కన సొలాంజ్ పేరు వేయించాడు అన్సెల్మ్. ఆ పేరు తెర మీద పడగానే హాలు ఈలలతో మోగింది. "అక్షరాలు ఇంకాస్త పెద్దవి వేయకూడదటయ్యా, నా చెల్లెలికి చూపు ఆనదు" అని చీకట్లో ఆమె గొణిగింది.

బయటికి రాగానే ఓ ముసలి జాలరి అన్సెల్మ్ కోటు పట్టుకున్నాడు.

"ఆ ఫోర్‌మన్‌వి నువ్వే కదూ? ఆడవాళ్లని అలా ఏడిపిస్తావా? సిగ్గు లేదూ?"

"నేనే" అన్నాడు అన్సెల్మ్ వినయంగా. "పదండి, ఆ ఎదురు బారులో కూర్చుని తిడుదురుగాని. ఏం తాగుతారు?"