తాల్‌బగీచా ఇంటి అసలు ధర

తాల్‌బగీచా పేటలో రెండు గదుల ఇంటికి తీతుకి ఇరవై లక్షల లోను మంజూరైంది. సంతకాలు రేపు. రైల్వే వర్క్‌షాపులో ఫిట్టరు. పే స్లిప్పు తెచ్చి అక్క ఎస్తేరమ్మ ముందు పెట్టాడు.

"నెలకి పద్దెనిమిదివేలు కటింగక్కా. మిగిలినదాంతో బతికేస్తాం."

వర్క్‌షాపు మనుషులందరికీ ఇదే జబ్బు. కోత పోను చేతికెంతొస్తుందో చూస్తారు, ఆ కోత ఎన్నాళ్లుంటుందో చూడరు. వాళ్లనని ఏం లాభం? రిటైరైతే క్వార్టరు ఖాళీ చేయాలి. ఆ భయం కళ్లు మూసేస్తుంది.

"ఎన్నేళ్లురా?"

"ఇరవై."

"నీకిప్పుడు నలభై ఎనిమిది. అరవైకి డ్యూటీ అయిపోద్ది. ఆ తరవాత ఎనిమిదేళ్లు నీకు జీతం ఎవులిస్తారు, పాస్టరుగారా?"

తీతు నవ్వబోయి ఆగాడు. ఎస్తేరమ్మ ఫోనులో తొమ్మిది శాతం వడ్డీతో లెక్కేసి చూపించింది. ఇరవై లక్షలకి కట్టేది నలభై మూడు లక్షలు. మొదటి ఏడాది రెండు లక్షల పదహారువేలు కడితే అసలులో తగ్గేది ముప్పై ఏడువేలే.

"బ్యాంకోడు ఇది సెప్పనేదక్కా."

"నువ్వడిగినావేటి?"

తీతు తల దించుకున్నాడు. ఆమె గొంతు తగ్గించింది.

"పన్నెండేళ్లకి రాయించు. నెలకి ఇంకో ఐదువేలవుద్ది. మొత్తమ్మీద పదిలచ్చలు మిగుల్తాయి."

"ఐదువేలు ఎక్కడ తెస్తాను?"

"వాయిదాల మీద మోటారుసైకిలు కొంతానన్నావు కదా, మానేయ్."

"సైకిలు తొక్కితే మోకాళ్లు పోతాయక్కా."

"అరవై ఎనిమిదిదాకా కడితే నడుమే పోద్ది."

తీతు ఫోనులో లెక్క ఇంకోసారి చూశాడు. పే స్లిప్పు మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"పన్నెండేళ్లకే రాయిద్దాం. రేపు నువ్వూ రా అక్కా. నాకు అడగడం సేతకాదు."