గుర్వమ్మ నీడ

పొద్దున్నే కెమెరా పెట్టె భుజాన వేసుకుని మునిగిపోయే ఊళ్లు తిరగడం మంజులతకు రెండు నెలలుగా అలవాటైంది. నందికొండ దగ్గర కృష్ణకు ఆనకట్ట లేస్తున్న రోజులు. దాని మీద సినిమా తీయమని హైదరాబాదు ఆఫీసు ఆమెను పంపింది. యంత్రాలు తీయి, యంత్రాలు తీయి అని వారానికో ఉత్తరం. ఆమె మాత్రం ఎవరి లెక్కలోకీ రాని మనుషుల్ని తీస్తోంది.

అట్లా పరిచయమైంది గుర్వమ్మ. పుట్టినప్పుడు మగపిల్లాడని గుర్వయ్య అని పేరు పెట్టారు. కానీ లాగు తొడిగిన నాటి నుంచే నీడ మాత్రం చీర కట్టి, కొప్పు పెట్టి వెంట నడిచేది. ఊళ్లో ఎవరూ వింతపడలేదు. గుర్వమ్మ ఆ నీడను చూసే చీర కట్టడం నేర్చుకుంది. గొర్లు కాసే మైసయ్యతో పన్నెండేళ్ల కాపురం.

చిక్కంతా మునిగే ఊళ్లవాళ్లకు సర్కారు ఇచ్చే కొత్త ఊరి జాగాల దగ్గర వచ్చింది. ఆలుమగలకే ఇంటి జాగా అన్నారు. కచ్చేరిలో గుమాస్తా వెంకటయ్య లిస్టు తిరగేశాడు.

"మైసయ్య ఇంట్ల ఇంకో మొగోని పేరుంది. నువ్వెందుకొచ్చినవ్? గుర్వయ్యను తోలు."

"నేనే సారూ."

"అయితే ధోతి కట్టుకొని రా."

మర్నాడు గుర్వమ్మ ధోతి కట్టుకొని వచ్చింది. నీడ గడప దాటలేదు. అరుగు మీద మొహం తిప్పుకుని కూర్చుంది.

"నీడేది?" వెంకటయ్య విసుక్కున్నాడు.

"అలిగింది సారూ. ధోతంటే దానికి గిట్టది."

"నీడ లేనోళ్ల పేరు రాయొద్దని హుకుం. పో, తోల్కరా."

మూడో రోజు చీరలో వచ్చింది. నీడా లోపలికొచ్చింది. "ధోతి కట్టుకొని రమ్మంటిని గద!" అన్నాడు వెంకటయ్య.

కెమెరాతో గుర్వమ్మ వెంట వచ్చిన మంజులతకు ఒళ్లు మండింది. "నిన్న నీడ గావాలంటివి, ఇయ్యాల ధోతి గావాలంటివి! వీళ్ల కాపురానికి ఊరంతా సాక్ష్యం. ఇంకేం గావాలయ్యా నీకు?"

"నన్నడిగితే ఏమొస్తదమ్మా? గీ లిస్టునడుగు" అంటూ దాన్ని బల్ల మీద పడేశాడు.

గుర్వమ్మ కదలలేదు. ఆమె నీడ మాత్రం మెల్లగా బల్ల మీదికి వంగి, లిస్టులో 'గుర్వయ్య' అన్న పేరు మీద వేలు పెట్టింది. మంజులత గబుక్కున కెమెరా ఎత్తింది. సరిగ్గా అప్పుడే రీలు అయిపోయింది. ఆమె పళ్లు నూరుకుంది. నీడ వేలు తీసేసరికి, చివర 'య్య' ఉన్నచోట 'మ్మ' ఉంది.

వెంకటయ్య అద్దాలు సవరించుకుని చదివాడు. "మైసయ్య, గుర్వమ్మ. ఆలుమగలు." ముద్ర గుద్ది కాగితం విసిరాడు. "గిట్లున్నదని మొదాలే జెప్పరాదా? మూడు దినాల సంది నా పానం తింటున్నరు!"

పది రోజులకు మంజులత కొత్త ఊరికి వెళ్లింది. మైసయ్య ముగ్గు పోసిన జాగాలో పునాదిలో రాళ్లు పేరుస్తున్నాడు.

"ఇద్దరూ ఒకచోట నిలబడండి, తీస్తా" అంది.

గుర్వమ్మ నడుం మీద చేతులు పెట్టుకుంది. "నిలబడుమంటే నిలబడితిమి, నడువుమంటే నడిస్తిమి. ఇగ చాలక్కా! గా డబ్బ పక్కన వెట్టి జర గీ రాయి పట్టు."

మంజులత కొంగు బిగించి రాయికి రెండోవైపు పట్టింది. పొద్దుగూకేసరికి మోకాలెత్తు గోడ లేచింది.