మూడు గూళ్ళ గోడ

సాన మేస్త్రికి బావమరిదిని చూస్తే ఒళ్ళు మండిపోయేది. మండదా మరి! పెళ్ళాం మంచం పట్టి మూలుగుతుంటే, ఆవిడ తమ్ముడు పక్కగదిలో కంచం ముందు కూర్చుని తీరిగ్గా వేళ్ళు నాకుతాడు. పనీ లేదు, పాటా లేదు. పొద్దెక్కేదాకా నిద్ర, లేస్తే వీధరుగు మీద కబుర్లు, ఆకలేస్తే ఇల్లు గుర్తొస్తుంది. "ఇంకా ఎన్నాళ్ళే వీణ్ణి మేపడం?" అని మేస్త్రి అడిగినప్పుడల్లా భార్యది ఒకటే మాట.

"పోనిద్దురూ! నాలుగు రోజులు తిననివ్వండి వాణ్ణి."

తిండి సంగతి అలా ఉంచండి. మేస్త్రి కడుపుమంటంతా గోడలోని వెలుగు గురించి.

ఆ ఊళ్ళో బిడ్డ పుట్టగానే వాగులోంచి ఒక గుండ్రాయి తెచ్చి పక్కలో పెడతారు. బిడ్డ తొలి ఏడుపుతో అందులో వెలుగు పుడుతుంది. అదే ఆ మనిషి ఆయుష్షు. ఎంత వెలుగుంటే అంత కాలం, ఆరిందంటే మనిషి లేనట్టే. దాని మీద గుర్తు చెక్కడానికి వీల్లేదు, గాటు పడితే వెలుగు కారిపోతుంది. అందుకే ఎవరి రాయి వాళ్ళ గూట్లో ఉంటుంది, గూటిని బట్టే అది ఎవరిదో తెలిసేది. మేస్త్రి ఇంటి గోడకి మూడు గూళ్ళున్నాయి.

రాళ్ళకు పట్టిన మకిలి వదిలించి మెరుగు పెట్టడం మేస్త్రి వృత్తి. అందులో చెయ్యి తిరిగినవాడు. కానీ సొంతింటి రాళ్ళను సాన పట్టేవాడు తాకకూడదని కట్టుబాటు, తాకితే ఆశ పుడుతుందని. వాటిని ఇల్లాలే తుడవాలి. అందుకని ఊరందరి రాళ్ళనీ ముట్టుకున్న ఆ చేతులకు సొంత పెళ్ళాం రాయి ఎలా ఉంటుందో తెలియదు.

పోయిన వానల్లో ఒకరోజు కొట్టు నుంచి వచ్చేసరికి భార్య గూట్లో రాయి మసకబారి ఉంది. ఆ తర్వాత కొన్నాళ్ళకే ఆవిడకు జ్వరం తగులుకుంది. ఇంకేం, రెండింటికీ ముడి పడిపోయింది. తిండిపోతు గూడేమో దేదీప్యమానంగా వెలిగిపోతోంది. ఎందుకూ కొరగాని వాడికి అంత కాలం దేనికి? తన గూట్లోదీ నిండుగానే వెలుగుతోంది. మేస్త్రి దానివైపు చూడలేదా అంటే, చూశాడు. చూసి ముఖం తిప్పుకున్నాడు.

ఆ ఉదయం భార్య దిండుకు ఆనుకుని కూర్చుని గంజి తాగింది. "ఇవాళ ఒళ్ళు తేలిగ్గా ఉందండీ. రేపు వంట నేనే చేస్తాను" అంది. మేస్త్రి అది చావు ముందు వచ్చే ఓపిక అనుకున్నాడు. ఇక ఆగితే లాభం లేదనుకున్నాడు.

బావమరిది అరుగు మీద ఎవరితోనో ఇకిలిస్తున్నాడు. మేస్త్రి తలుపు దగ్గరగా వేసి, రెండు గూళ్ళలోంచీ రాళ్ళు తీశాడు. పనిముట్టు మొనతో ఒక్కోదానికి ఆవగింజంత గాటు పెట్టాడు. బయటపడితే తన బొటనవేళ్ళు నరికేస్తారని తెలుసు. అయినా ఆగలేదు. వెలిగేదాన్ని పైన పట్టి, మసకదాన్ని కింద పెట్టి, గాటుకి గాటు ఆనించాడు. వెలుగు చిక్కటి నూనెలా దిగింది. పైరాయి నల్లబడేదాకా వంపి, గాట్లు రెండూ లక్కతో మూసేశాడు. ఇప్పుడు వెలుగుతున్నదాన్ని భార్య గూట్లో, నల్లదాన్ని తిండిపోతు గూట్లో పెట్టి, అరుగు మీద మనిషి పడే చప్పుడు కోసం చెవులు రిక్కించాడు.

చప్పుడు లోపలి గదిలో అయింది. గంజిగిన్నె నేలమీద దొర్లుతోంది.

మేస్త్రి పరుగెత్తాడు. భార్య దిండు మీంచి పక్కకు ఒరిగిపోయి ఉంది. కళ్ళు తెరిచే ఉన్నాయి. పిలిచాడు, కుదిపాడు, ముఖాన నీళ్ళు కొట్టాడు. "ఒసేయ్, లేవే! నీ గూడు వెలుగుతోందే!" అని అరిచాడు. ఆ కేక విని బావమరిది లోపలికొచ్చాడు. అక్కను చూశాడు. గోడ దగ్గరకెళ్ళి, రెండు గూళ్ళనూ చూసి అక్కడే కూలబడిపోయాడు.

"బావా... అక్క గూట్లోది నాది."

"ఏం కూస్తున్నావురా?"

"వానల్లో నాది మసకబారింది. మసక రాయి ఇంటికి అరిష్టమని నువ్వు నన్ను గెంటేస్తావని అక్కకి భయం. నాదైతే గెంటేస్తారు, తనదనుకుంటే గెంటరు కదా అని రెండూ మార్చి పెట్టింది. ఉన్న నాలుగు రోజులూ కడుపు నిండా తినరా తమ్ముడూ అంది. పోవాల్సింది నేను బావా! మా అక్కకి మామూలు జ్వరమే!"

మేస్త్రి వంగి గంజిగిన్నె తీసి పక్కన పెట్టాడు.

బావమరిది వెక్కుతూ వెక్కుతూ వెలిగే రాయిని చేతుల్లోకి తీసుకున్నాడు. "చూడు బావా, ఎంత వెలుగో! పోతూ పోతూ తనదంతా నాకే ఇచ్చేసింది. ఇలా జరుగుతుందని ఎప్పుడైనా విన్నామా? పిచ్చిది... ప్రేమ ఎక్కువై ఇలా చేసింది." లక్క అంటిన చోట వాడి బొటనవేలు ఆగింది. మేస్త్రి ఊపిరి బిగబట్టాడు. వాడు దాన్ని మకిలి అనుకుని, చొక్కా అంచుతో తుడిచాడు.

తర్వాత లేచివచ్చి బావను గట్టిగా కావలించుకున్నాడు. "నువ్వేం దిగులు పడకు. నాకింత ఆయుష్షు ఇచ్చింది నిన్ను చూసుకోవడానికే. ఇక జన్మలో ఈ ఇల్లు వదలను."

దహనం అయ్యాక వాడు స్నానం చేసి, రాయిని తెచ్చి మేస్త్రి ఒళ్ళో పెట్టాడు.

"ఇంట్లో ఆడదిక్కు లేదు కదా బావా, కట్టుబాటు ఎవరి కోసం? ఇక నుంచి నువ్వే తుడవాలి. అక్క వెలుగు మాసిపోకూడదు. ఇక్కడేదో మకిలి అంటింది, ఎంత తుడిచినా పోవట్లేదు."

మేస్త్రి తడిగుడ్డ అందుకున్నాడు. రాయి వెచ్చగా ఉంది. లక్కను మాత్రం వదిలేసి, దాని చుట్టూ తుడవడం మొదలుపెట్టాడు. పక్కగదిలో బావమరిది కంచం పెట్టుకుంటున్నాడు.