అద్దం మీద ఎర్ర రాత

క్లైవ్ అటు తిరిగి ఉన్నప్పుడు నోలీన్ ఆ పని చేసింది. ఆయన ఊతానికి కర్ర కోసం బండి వెనక వెతుక్కుంటున్నాడు. గొర్రెలకు గుర్తు పెట్టే ఎర్ర సుద్దతో బండి ముందు అద్దం మీద ఆయన అప్పుడే పెద్ద పెద్ద అక్షరాలతో రాసి వెళ్ళాడు: "ఇద్దరం క్షేమం. పాత రైలు గట్టు మీదుగా కార్లింగాకి నడిచి పోతున్నాం. గురువారం పొద్దున." నోలీన్ గుడ్డపేలికను ఉమ్మితో తడిపి మొత్తం తుడిచేసింది. నీళ్ళతో తుడిచే రోజులు కావు మరి.

అలా తుడవడానికి ఆమె కారణం ఆమెకుంది, అది కాదనలేనిదే. కరెంటు పోయింది, డీజిల్ లారీలు రావడం మానేశాయి, పోలీసులు కూడా ఎవరిళ్ళకు వాళ్ళు వెళ్ళిపోయారు. ఆ తర్వాత ఒకరోజు ఇద్దరు మగాళ్ళు వీళ్ళ గొర్రెల ఫారానికి వచ్చారు. నోలీన్ టీ పెట్టింది, రొట్టె కాల్చి ఇచ్చింది. కబుర్లలో పడి డీజిల్ పీపాలు ఏ షెడ్డులో ఉన్నాయో నోరు జారింది. తెల్లారేసరికి పీపాలూ లేవు, కుక్కా లేదు. "ఇంకా నయం, బండి తాళాలు కూడా చేతిలో పెట్టలేదు" అని క్లైవ్ వారం రోజులు సాధించాడు. అప్పటినుంచి మనిషి అలికిడంటేనే ఆమెకు హడల్. ఇద్దరు ముసలివాళ్ళు నీళ్ళు మోసుకుంటూ ఫలానా దారిన పోతున్నారని రాసి పెట్టడమంటే దొంగల్ని పిలిచి దారి చూపించడమేనని ఆమెకు తోచింది.

వాళ్ళు బయలుదేరింది కూతురు టెగన్ దగ్గరికి. టెగన్ కార్లింగాలో పంతులమ్మ. ఆ ఊళ్ళో గాలిమర ఇంకా బోరు నీళ్ళు తోడుతోంది. వైర్‌లెస్ రేడియో బ్యాటరీ చచ్చిపోయేముందు చివరిసారి మాట్లాడినప్పుడు, "శనివారం బయలుదేరుతున్నాం, పెద్ద రోడ్డునే వస్తాం" అని క్లైవ్ చెప్పాడు. "తొందరగా వచ్చేయండి నాన్నా" అంది టెగన్. ఆ తర్వాత గరగర తప్ప ఏమీ వినబడలేదు. బండి ట్యాంకులో మిగిలిన డీజిల్‌తో సగం దూరం వచ్చారో లేదో, ఎండిన వాగు దాటుతుండగా ముందు ఇరుసు విరిగింది.

తగవు అక్కడ మొదలైంది.

"బండి వదిలామా, చచ్చామన్నమాటే" అన్నాడు క్లైవ్. "మా నాన్న నాకు నడక కంటే ముందు నేర్పిన మాట ఇది. వెతికేవాళ్ళకి బండి కనపడుద్ది గానీ, పొదకింద పడున్న నువ్వు కనపడతావా?"

"ఎవరయ్యా వెతికేది? నీకోసం విమానమేసుకుని వస్తారా?"

"మనం ఏ రోడ్డు మీదున్నామో టెగన్‌కి తెలుసు."

"తెలిస్తే? దానికేమన్నా రెక్కలున్నాయా? ఊరంతా గాలించినా చెంబుడు డీజిల్ దొరకదు. లోకమే ఇలా తగలబడితే మనల్నెవరు పట్టించుకుంటారు?"

ఐదు రోజులు టార్పాలిన్ నీడలో కూర్చున్నారు. రోడ్డు మీద ఒక్క దుమ్ముతెర లేవలేదు. క్యాన్‌లో నీళ్ళు సగానికి దిగాక నోలీన్ ఏడ్చింది, తిట్టింది, నలభై ఏళ్ళ ఆయన మొండితనాన్నంతా పేరుపేరునా ఏకరువు పెట్టింది. బుధవారం సాయంత్రం క్లైవ్ "సరేలే" అన్నాడు. వాళ్ళ కాపురంలో ఆయన ఆ మాట అన్న సందర్భాలు వేళ్ళమీద లెక్కపెట్టొచ్చు.

"కానీ ఎటు పోయామో రాసి పోదాం" అన్నాడు. "అది తప్పకూడదు."

"రాయి, నేనేమన్నా వద్దన్నానా?" అంది నోలీన్.

రోడ్డు వెంట అయితే ఎనభై కిలోమీటర్లు. రైలు గట్టు అడ్డంగా పోతుంది కాబట్టి యాభైకి మించదు. పొద్దున్నే కొంత, ఎండ తగ్గాక కొంత నడిచారు. మధ్యాహ్నాలు గట్టు కింద తూముల్లో దూరి పడుకున్నారు. క్లైవ్ పాదాలు బొబ్బలెక్కి చితికాయి. అయినా ఆయనకు హుషారే. "నీ కాళ్ళు మంచివే నోలీన్, నీ నోటితో పోలిస్తే కాస్త నెమ్మది" అంటూ నవ్వించాడు. రెండో రోజు తూములో ఆమె నోటిదాకా వచ్చింది, ఆ రాత సంగతి చెప్పేద్దామని. ఆయన తన వంతు నీళ్ళలో సగం ఆమె వైపు జరిపాడు. దాంతో చెప్పబుద్ధి కాలేదు. ఊరు చేరాక చెబుదాం, ఇద్దరం నవ్వుకుంటాం అనుకుంది.

శనివారం మధ్యాహ్నానికి కార్లింగా చేరారు. ఊరి మొదట్లో అడ్డంగా కట్టిన తాడు దగ్గర గ్వెండా అనే పెద్దావిడ తన ఇంటి ముందే కాపలా ఉంది. పేర్లు చెప్పగానే ఆమె తుపాకీ గోడకు ఆనించి, రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది.

"అయ్యో, మీరా! మీకోసమేనమ్మా టెగన్ నిన్న పొద్దున పోయింది. ఐదురోజులు ఇల్లిల్లూ తిరిగి అందరి కాళ్ళావేళ్ళా పడింది. ఊళ్ళో ఉన్న డీజిలంతా దాని ట్రక్కులోనే పోశాం. పోయి రావడానికి సరిగ్గా సరిపోద్ది. 'బండెక్కడో ఆగిపోయుంటది, మా నాన్న దాని దగ్గర్నించి కదలడు, తిన్నగా పోయి తెచ్చేస్తా' అంది."

"చూశావా?" అన్నాడు క్లైవ్ పెళ్ళాం వైపు తిరిగి. ఆయన ముఖం వెలిగిపోయింది.

"కానీ నిన్న సాయంత్రానికే రావాల్సింది" అంది గ్వెండా. "ఇంతవరకూ రాలేదు."

"వస్తుంది. అద్దం మీద రాసే వచ్చాను." క్లైవ్ మెట్టు మీద కూలబడి బూట్లు విప్పుకోసాగాడు. "మేం గట్టు మీద పోయామని చూసి, అది కూడా గట్టు పక్కనే మెల్లగా వెతుక్కుంటూ వస్తుంటది. ఆ రాత లేకపోతేనే భయపడాలి. దాహంతో మతిపోయి పొదల్లో పడ్డామనుకునేది. బండి చుట్టూ శవాల కోసం తిరిగేది. డీజిల్ అయిపోతే దిగి నడిచేది. దాని సంగతి నాకు తెలుసు, మనం దొరికేదాకా వెనక్కి రాదు."

చెప్పకుండా ఊరుకుంటే సరిపోతుందని నోలీన్‌కి ఒక్క క్షణం అనిపించింది. అలా అనిపించినందుకు తనమీద తనకే అసహ్యం వేసింది.

"నేను తుడిచేశాను" అంది.

"ఏంటి?"

"ఆ రాత. దొంగలు చూస్తారని. నువ్వు కర్ర వెతుక్కుంటున్నప్పుడు."

"మొత్తమా?"

"మొత్తం."

తిడతాడని ఆమె ఎదురుచూసింది, తిడితే బాగుండునని దేవుణ్ణి కూడా తలుచుకుంది. ఆయన వంగి, విప్పిన బూటును పచ్చిపుండు మీదికి మళ్ళీ ఎక్కించుకున్నాడు.

"సైకిలుందా ఎవరిదన్నా?" అని గ్వెండాను అడిగాడు.

ఆమె తన సైకిలే తెచ్చిచ్చింది. కాస్త ఆగమంది, ఎవరినైనా తోడు పంపుతానంది. ఆయన వినలేదు. బోరు దగ్గర సీసాలు నింపి హ్యాండిల్‌కి కట్టుకున్నాడు. నోలీన్ సాయం చేయబోతే వద్దని చెయ్యి అడ్డం పెట్టాడు.

"నువ్వు ఇక్కడే ఉండు" అన్నాడు, ఆమె ముఖం చూడకుండానే. "ఈసారన్నా కదలకు."

పెద్ద రోడ్డు మీద ఆయన వీపు చాలాసేపు కనిపించింది. ఎనభై కిలోమీటర్లు, అరవై ఎనిమిదేళ్ళ మనిషి. తర్వాత రోడ్డు ఒక్కటే మిగిలింది. నీడ తప్పుకుని ఎండ నోలీన్ కూర్చున్న మెట్టు మీదికి వచ్చింది. లోపలికి రమ్మని గ్వెండా రెండుసార్లు పిలిచింది. మూడోసారి వచ్చి భుజం పట్టుకుంది.

"మాడిపోతావమ్మా, లే. అయినా కూతురొస్తుందని తెలిసి ఎవరన్నా అలా తుడుస్తారా?"

"తెలియదమ్మా" అంది నోలీన్. "మాకోసం ఎవరూ రారనుకున్నాను."