నీలి దీపం కింద షాకిర్

బహీగా గుమ్మంలో కనిపించగానే హిక్మత్‌కు ఒళ్ళు మండింది. తమ్ముడి పెళ్ళాం. తమ్ముడు షాకిర్ సముద్రంలో పోయి నాలుగేళ్ళయినా వీళ్ళిద్దరి మధ్యా ఇంకా పచ్చగడ్డి వేస్తే భగ్గుమంటుంది. గాలివాన వస్తుందని తెలిసీ వాణ్ణి ఆరోజు వేటకు పంపింది ఈవిడేనని హిక్మత్ నమ్మకం. శవం కూడా దక్కని ఆ ఇంట్లో, వాడు పోయిన నలభయ్యో రోజున, నలుగురి ముందూ ఆ మాట అనేసింది కూడా.

అత్తారీన్ సందులో హిక్మత్‌ది ఫొటోలూ బొమ్మలూ అచ్చువేసే గది. బొమ్మ నూరేళ్ళు నిలవాలనుకునే చిత్రకారులు అలెగ్జాండ్రియా నలుమూలల నుంచీ ఇక్కడికే వచ్చేవారు. మెరిసే తెల్ల కాగితం అడిగినవాడికి తిట్లు తప్పేవి కావు. "ఆ తెలుపు కాగితానిది కాదు నాయనా, పూసిన మందుది. రెండెండలు తగిలితే మందు చస్తుంది, కాగితం పచ్చబడుతుంది, రంగులూ పోతాయి" అనేది. పత్తితో చేసిన, కాస్త మీగడ రంగుండే మందపాటి కాగితం ఒక్కటే ఆవిడ దృష్టిలో కాగితం.

బహీగా చంకలోని ఫ్రేము తీసి బల్ల మీద టప్పున పెట్టింది.

"చూడండి వదినా, మీ తమ్ముణ్ణి."

షాకిర్ మొహం ఆకుపచ్చగా పాలిపోయింది. కళ్ళున్న చోట రెండు మరకలు. మూలన కట్టిన నల్ల రిబ్బను మాత్రం నల్లగానే ఉంది.

"బాల్కనీ ఎదురుగా తగిలించి ఉంటావు. ఫొటో ఎక్కడ పెట్టుకోవాలో కూడా నేనే నేర్పాలా?"

"మరి మీ గోడ మీద ఆయన కూడా కిటికీ పక్కనే ఉన్నాడుగా? ఆయనకేం కాలేదే!"

గోడ మీద అదే ఫొటోలో షాకిర్ పడవ అంచున కూర్చుని నవ్వుతున్నాడు. నెత్తిన టోపీ ఇంకా ఎర్రగా ఉంది. ఫొటో తీసింది హిక్మత్. వాడు పోయాక రెండు ప్రతులూ ఒకేరోజు అచ్చువేసిందీ ఆవిడే.

"అదృష్టం" అంది హిక్మత్.

బహీగా సంచిలోంచి చిన్న దీపం తీసింది. అన్ఫూషీ పేటలో వేపుడు చేపల దుకాణంలో ఆవిడ గల్లా దగ్గర కూర్చుంటుంది. దొంగనోట్లు పట్టే నీలి దీపం అది. చేతికొచ్చిన ప్రతి కాగితాన్నీ దాని కింద పెట్టి చూడడం అలవాటైపోయింది, ఇంటికొచ్చిన కరెంటు బిల్లుతో సహా. ఫ్రేములోంచి ఫొటో లాగి, కిటికీ తెర దించి, దీపం వెలిగించింది. ఎండ తగలకుండా ఫ్రేము కింద దాగిన అంచు నీలంగా భగ్గున వెలిగింది.

"మంచి నోటు దీని కింద మెదలకుండా పడుంటుంది. దొంగదే ఇలా మెరుస్తుంది."

లేచి గోడ దగ్గరికి వెళ్ళింది. దీపం కింద గోడ మీది ఫొటో అంచులు మెరవలేదు.

"ఈ సందులో ఎవర్నడిగినా చెప్తారు, హిక్మత్ ఆ మెరుపు కాగితం చేత్తో ముట్టేది కాదని. నా మొగుడి దగ్గరికొచ్చేసరికి ఎలా ముట్టారు వదినా?"

అవి అచ్చువేసిన రోజున హిక్మత్ దగ్గర పత్తి కాగితం ఒక్క షీటే మిగిలింది. తర్వాత ఆ సరుకు మళ్ళీ దిగనేలేదు, ఇప్పుడు దొరికిన తెల్ల కాగితంతోనే పని నడుపుతోంది. కానీ అది సాకు. ఎవరో ఉచితంగా ఇచ్చి వెళ్ళిన తెల్ల కాగితాల కట్టను ఆవిడ అటక మీద వెతికి మరీ తీసింది. రెండేళ్ళలో తమ్ముడి మొహం బహీగా ఇంట్లోంచి పోవాలని కోరుకుంది.

"పత్తి కాగితం అప్పటికి ఒక్కటే ఉంది."

"ఆ ముక్క అప్పుడే చెప్పొచ్చుగా?"

"చెబితే నాకిమ్మనేదానివి."

"అనేదాన్నే! నా కూతురు తండ్రిని చూడనైనా లేదు. పొద్దున్నే ఆ ఫొటోకి ముద్దు పెట్టందే పాలు తాగదు. మొన్న ఏమడిగిందో తెలుసా? నాన్నకి కళ్ళుండేవా అని."

హిక్మత్‌కు సిగ్గేసింది. ఈవిడ ముందు సిగ్గుపడాల్సి వచ్చినందుకు అంతకు రెట్టింపు కోపం వచ్చింది.

"మళ్ళీ వేసిస్తాను."

"దేని మీద?"

అల్మారాలో ఉన్నవాటిలో ఆ దీపం కింద మెరవనిది ఒక్కటీ లేదు. బహీగా గోడ మీది ఫొటోకేసి చెయ్యి చాచింది.

"ముట్టుకోకు! వేళ్ళ చెమట అంటుతుంది."

"అయితే మీరే తియ్యండి."

హిక్మత్ చేతులకు తొడుగులు వేసుకుంది. ఫొటో దించి, పల్చటి కాగితంలో చుట్టి, అట్టల మధ్య పెట్టి కట్టింది.

"అద్దం వేయించు. పిల్ల ముద్దు అద్దానికి తగలాలి, వాడికి కాదు. తడిగుడ్డ పెట్టకు. ఎండ పడని గోడ చూడు."

"తప్పయిందని ఒక్క మాట అనరన్నమాట."

"నీతో అనను. పో."

బహీగా పోలేదు. పాలిపోయిన ఫొటోను మళ్ళీ ఫ్రేములో పెట్టి, ఖాళీ అయిన మేకుకు తగిలించింది. రిబ్బను సరిచేసి, అట్టల కట్ట గుండెకు ఆనించుకుని అప్పుడు వెళ్ళింది.

హిక్మత్ కంప్యూటరులో షాకిర్ ఫొటో తెరిచింది. తెల్ల కాగితం మీద వేసుకుంటే టోపీ రెండేళ్ళయినా ఎర్రగా ఉంటుంది. కాసేపు చూసి మూసేసింది. మేకుకున్న ఫ్రేమును దించడానికి మాత్రం చెయ్యి రాలేదు.

మధ్యాహ్నం ఒక చిత్రకారుడు వచ్చి గోడకేసి చూసి మొహం చిట్లించాడు.

"అయ్యో, ఇంత పాడు కాగితం మీద ఎవరు వేశారమ్మా?"

"నేనే" అంది హిక్మత్.