పుర్రచేతి అల్లిక

ఇసావో బెప్పు అనే ఊరికి వచ్చింది అక్కడి వేడినీటి బుగ్గల్లో నానడానికే గానీ బుట్టలల్లడానికి కాదు. మత్సుయమాలో ముప్ఫై ఎనిమిదేళ్ళు ట్రాము నడిపి రిటైరైన మనిషి. మూడు రోజులు ఒళ్ళు నానబెట్టుకుని, ఆవిరి మీద ఉడికిన చేపలూ దుంపలూ తిని, మళ్ళీ ఫెర్రీ ఎక్కి ఇల్లు చేరదామనుకున్నాడు. రెండో రోజుకే భార్య తొమికోకి విసుగొచ్చేసింది.

"ఎంతసేపని నీళ్ళలో కూచుంటాం, మనమేమన్నా వేడిగుంటల్లో నానే మంచుకొండ కోతులమా? ఇక్కడ వెదురు పని నేర్పుతారట, రెండు గంటలు. ఇద్దరి పేర్లూ రాయించేశాను" అంది.

"నా పేరెందుకు?"

"నేనొక్కదాన్నే వెళ్తే మీరు గదిలో పడుకుని గురక పెడతారు కాబట్టి."

అలా శనివారం పొద్దున పదిగంటలకి ఇసావో ఒక పాత పెంకుటింటి చావట్లో, చాప మీద, ముందో తడిగుడ్డ పరుచుకుని కూచున్నాడు. పని నేర్పే ఆవిడ పేరు హరుయో. డెబ్బై తొమ్మిదేళ్ళది. మనిషి వెదురులాగే సన్నగా ఉన్నా మాట మాత్రం కత్తి. తొట్టెలో నానుతున్న వెదురు బద్దల్ని చీపురుకట్టలా పట్టుకొచ్చి తలా ఒక కట్ట ముందు పడేసింది. వీళ్ళిద్దరు కాక ఫుకువోకా నుంచి వచ్చిన ఇద్దరు కాలేజీ అమ్మాయిలున్నారు.

"ఎడం చేత్తో నొక్కిపట్టండి, కుడిచేత్తో బద్ద దూర్చండి. ఒకదాని మీంచి, ఒకదాని కిందనుంచి. అల్లికలో పడే కన్ను ఆరు మూలలుగా రావాలి. అయిదొచ్చిందో, పీకి మళ్ళీ పెట్టండి. వెదురు ఏమీ అనుకోదు, నేనే అనుకుంటాను" అంది హరుయో.

తొమికో చేతులు ఇట్టే పనిలో పడ్డాయి. అమ్మాయిలు కూడా కిలకిలా నవ్వుకుంటూనే నాలుగు కన్నులు వేసేశారు. ఇసావోకి మొదటి కన్నే కుదరలేదు. ఆవిడ ఎదురుగా కూచుని చూపిస్తుంటే అర్థమైనట్టే ఉంటుంది, బద్ద చేతిలోకి తీసుకోగానే మీదేదో కిందేదో తారుమారైపోతుంది. నొక్కిపట్టాల్సిన ఎడమచెయ్యి ఊరుకోక ముందుకొస్తుంది. దూర్చాల్సిన కుడిచెయ్యి దిక్కు తోచక ఆగిపోతుంది. ఈలోగా అల్లింది కాస్తా ఊడిపోతుంది.

"అంత పెద్ద ట్రాముని ఊరంతా తిప్పారు, గడ్డిపరకంత బద్దని తిప్పలేరా?" అని తొమికో ఆటపట్టించింది.

"ట్రాముకి పట్టాలుంటాయి" అన్నాడు ఇసావో.

అమ్మాయిలు నవ్వారు, ఇసావో కూడా నవ్వాడు. కానీ చెవులు ఎర్రబడ్డాయి. నలుగురిలో పని చేతకానప్పుడల్లా చెవులు అలాగే కాలుతాయి, చిన్నప్పటినుంచీ.

గంట గడిచింది. మిగతావాళ్ళు అడుగు పూర్తిచేసి పక్కలు లేపుతున్నారు. హరుయో నడుం మీద చేతులేసుకుని ఇసావో పక్కకొచ్చి నిలబడింది. ఆయన చేతుల కేసి చూసింది. తర్వాత అడిగింది.

"ఏమయ్యా, ఆ చెయ్యి తొడకింద ఎందుకు దాచుకుంటావు?"

ఇసావో కిందకి చూసుకున్నాడు. నిజమే. బద్ద జారిపోయినప్పుడల్లా ఎడమచెయ్యి లాక్కుని తొడకింద పెట్టేసుకుంటున్నాడు. అలా చేస్తున్నట్టు ఆయనకే తెలియదు.

"నువ్వు పుర్రచేతివాడివి కదూ?" అంది హరుయో.

తొమికో తల ఎత్తింది. "అబ్బే, కాదండీ. తినడం, రాయడం అంతా కుడిచేత్తోనే."

"నిన్ను కాదమ్మా, ఆయన్ని అడుగుతున్నా."

ఇసావో గుడ్డ మీద నీళ్ళు తుడిచాడు. "చిన్నప్పుడండీ. బళ్ళో వెయ్యకముందు. అదెప్పుడో మానిపించేశారు" అన్నాడు.

"అయితే చెయ్యి మార్చి అల్లి చూడు."

"ఎందుకులెండి. అరవై ఏళ్ళ తర్వాత ఇప్పుడు దాన్ని నిద్రలేపడం దేనికి?"

"నిద్రపోతేగా లేపడానికి! గంటనుంచీ బయటికొస్తానని అది గింజుకుంటోంది, నువ్వు దానిమీద కూచున్నావు."

అమ్మాయిలు ఈసారి నవ్వలేదు. హరుయో ఆయన ముందున్న అల్లికంతా ఒక్క లాగుడుతో పీకేసింది. ఇందాకటిలా ఎదురుగా కాక పక్కనే కూలబడి, తనూ రెండు బద్దలు తీసుకుని, కుడిచేత్తో నొక్కిపట్టి ఎడమచేత్తో దూర్చి చూపించింది. "నాకూ ఇది చేతకాదు, మెల్లగానే చేస్తాను. చూస్తూ చెయ్యి" అంది.

ఇసావో ఎడమచేత్తో బద్ద పట్టుకున్నాడు.

చెయ్యి తడబడింది. అదేమీ ఒక్కసారిగా పనిమంతుడి చెయ్యి అయిపోలేదు. వేళ్ళకి బలం లేదు, బద్ద చివర రెండుసార్లు గోటికింద గుచ్చుకుంది. కానీ ఎటు వెళ్ళాలో దానికి తెలుసు. మీంచి, కిందనుంచి, మళ్ళీ మీంచి. ఆరు మూలల కన్ను ఒకటి పడింది. దాని పక్కన ఇంకొకటి. వంకరగా, ఒకటి పెద్దది, ఒకటి చిన్నదిగా. ఇసావోకి తన చెయ్యి చూస్తుంటే వింతగా అనిపించింది. కుడిచేతికి అరవయ్యేడేళ్ళు వచ్చాయి. ఇది మాత్రం ఆరేళ్ళ దగ్గరే ఆగిపోయింది.

ఆరేళ్ళప్పటి సంగతి అది. ఆ ఏడాది చలికాలం నాయనమ్మ, ఇసావో ఇంట్లో వేసుకునే అంగీకి ఎడమచేతి గొట్టం చివర మూసేసి కుట్టేసింది. చెయ్యి లోపలికి పోయేది గానీ బయటికి వచ్చేది కాదు. అన్నం తింటున్నప్పుడు మెతుకులు కిందపడితే నాన్న కసిరేవాడు. నాయనమ్మ ఒక్కనాడూ కసరలేదు. "బళ్ళో పుర్రచేతోడా, పుర్రచేతోడా అని ఏడిపిస్తార్రా కన్నా. నువ్వు నలుగురిలో నవ్వులపాలు కాకూడదు" అనేది. కుడిచేత్తో గిన్నె ఖాళీచేసిన రోజున తనకోసం దాచుకున్న, ఖర్జూరంలా తియ్యటి ఎండు పెర్సిమన్ పండు నోట్లో పెట్టేది. ఆ ఏడాదంతా ఇసావోకి మాట కూడా తడబడింది. తర్వాత సర్దుకుంది. వసంతంలో బడికి వెళ్ళేనాటికి నాయనమ్మ కుట్లు విప్పేసింది. అప్పటికి ఇక విప్పినా ఒకటే, విప్పకపోయినా ఒకటే.

ఇదంతా ఆయన తల ఎత్తకుండా, అల్లుకుంటూనే, ముక్కలు ముక్కలుగా చెప్పాడు. తొమికో చేతిలో బుట్ట ఒళ్ళోకి జారిపోయింది.

"నలభై ఒక్కేళ్ళు కాపురం చేశాను. నాకొక్క ముక్క చెప్పలేదు!"

"చెప్పడానికేముంది? నాకే గుర్తులేదు."

"ట్రాములో వేగం పెంచే పిడి ఏ చేతికుండేది?"

"ఎడమచేతికి. బ్రేకు కుడిచేతికి."

"అందుకే కాబోలు, ఆ బండెక్కితే మీ ముఖం వేరేగా ఉండేది" అంది తొమికో. ఆయన ఎప్పుడూ ఆ మాట ఆలోచించలేదు. మొదటిరోజే ఆ పిడి చేతికి అమిరిపోయిందనీ, శిక్షణ ఇచ్చినాయన ఆశ్చర్యపోయాడనీ ఇప్పుడు గుర్తొచ్చింది.

తొమికో ఒళ్ళో బుట్ట తీసి పక్కన పెట్టింది. మళ్ళీ గొంతు తగ్గించి, "మరి మినాహో సంగతి?" అంది.

ఇసావో చెయ్యి ఆగిపోయింది.

మినాహో వాళ్ళ ఒక్కగానొక్క కూతురు. మూడేళ్ళప్పుడు రంగుపెన్సిల్ ఎడమచేత్తో తీసేది. ఇసావో కొట్టలేదు, తిట్టలేదు. పెన్సిల్ మెల్లగా తీసి కుడిచేతిలో పెట్టేవాడు. మళ్ళీ మారిస్తే మళ్ళీ పెట్టేవాడు. రోజుకి పదిసార్లైనా సరే, విసుక్కోకుండా. పిల్ల విషయంలో ఇంత ఓపికున్న మగవాడు ఉంటాడా అని అప్పట్లో తొమికో మురిసిపోయింది కూడా.

"నాయనమ్మ చేసిందే నేనూ చేశాను. కుట్టు ఒక్కటే వెయ్యలేదు" అన్నాడు ఇసావో.

హరుయో ఇద్దరికీ టీ పోసింది. "మా ఆయనదీ పుర్రచెయ్యే. ఆయన కడితే అంచు చుట్టు మామూలుకి ఎదురుదిశలో తిరిగేది. జత బుట్టల్లో ఒకటి అటు, ఒకటి ఇటు ఉంటే కొట్టువాడు తిప్పి పంపేవాడు. దాంతో వెదురు చీల్చడం ఆయన, అంచు కట్టడం నేను. యాభై ఏళ్ళు అలా నడిపేశాం. ఆయన పోయాక, అటకమీద ఒక పెట్టెలో పదకొండు బుట్టలు దొరికాయి. అన్నిటికీ అంచు ఎదురుగానే తిరిగుంది. నాకు చూపించకుండా కట్టుకున్నాడు" అంది. ఆ తర్వాత గట్టిగా, "టీ చల్లారిపోతోంది, తాగండి. బుట్టకి అంచెవరు కడతారు, మీ నాయనమ్మా?" అని కసిరింది.

ఇసావో బుట్టకి అంచు ఎదురుగా తిరిగింది. హరుయో దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "బాగాలేదు. కానీ తప్పులేదు" అని చేతికిచ్చింది.

బయటికొచ్చేసరికి పన్నెండు దాటింది. సందు పొడుగునా నేలలోంచి ఆవిరి లేస్తోంది. తొమికో ఉడికిన గుడ్లు కొని తెస్తానని దుకాణంలోకి వెళ్ళింది. వెళ్తూ ఆయన చొక్కా జేబులోని ఫోను కేసి చూసి మరీ వెళ్ళింది. ఇసావో రాతిగట్టు మీద కూచుని ఒకయామా నగరంలో ఉన్న కూతురికి ఫోను చేశాడు.

"నాన్నా? అమ్మకేమైనా అయిందా?" ఆయనగా ఎప్పుడూ చెయ్యడు మరి.

"ఏం కాలేదు. నీ చిన్నప్పుడు… పెన్సిలు చెయ్యి మార్పించేవాణ్ణి, గుర్తుందా?"

"గుర్తులేకేం."

"నాదీ పుర్రచెయ్యేనే. నాకూ మాన్పించారు. నీకూ అదే చేశాను. తప్పు చేశానమ్మా."

"నాన్నా, ఒకటి చెప్తే ఏమీ అనుకోరుగా? నేను బళ్ళో ఎడం చేత్తోనే రాసేదాన్ని. ఇంట్లో హోంవర్కు కుడిచేత్తో. మూడో క్లాసులో టీచరు పిలిచి, ఈ ఇంటిపని ఎవరు చేసి పెడుతున్నారని అడిగింది. రెండు దస్తూరీలు మరి."

ఇసావోకి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. "నాతో ఒక్కసారైనా చెప్పకపోయావా?"

"నేను ఎడం చెయ్యి చాచగానే మీ ముఖం అదోలా అయిపోయేది. కోపం కాదు. భయపడ్డట్టు. అది చూడలేక దాచేదాన్ని. కోపం నాకొచ్చేది, చాలా ఏళ్ళు. ఇప్పుడు బొత్తిగా లేదని అబద్ధం చెప్పను."

"చెప్పొద్దు" అన్నాడు ఇసావో. "ఈసారి వచ్చినప్పుడు ఎడం చేత్తో రాసి చూపిస్తావా?"

"చూపిస్తా. మీరు మాత్రం ముఖం అలా పెట్టకూడదు."

"ముఖం నా చేతిలో లేదే తల్లీ."

"ఏ చేతిలో?" అంది మినాహో, అని తనే నవ్వేసింది.

ఆ నవ్వు ఆగేదాకా ఇసావో ఫోను పెట్టెయ్యలేదు.